పట్టాల జాడ్యాన్ని పసిగట్టిన పండితుడు

*జపాన్ పేటలను, పొలాలను, బడులను, కర్మాగారాలను ఆరు దశాబ్దాలకు పైగా పరిశీలించిన రొనాల్డ్ డోర్, ఆలస్యంగా అభివృద్ధి బాట పట్టిన ప్రతి దేశానికీ ఒక హెచ్చరిక చేశారు.*

రెండో ప్రపంచ యుద్ధంలో ఓడి, నగరాలెన్నో బూడిదకుప్పలైన జపాన్ పాతికేళ్లు తిరిగేసరికి పారిశ్రామిక దేశాల ముందు వరుసలో ఎలా నిలిచిందన్న ప్రశ్నకు, ఆ కాలపు పండితుల్లో రెండు రకాల జవాబులు చెలామణిలో ఉండేవి. క్రమశిక్షణ, విధేయత జపనీయులకు పుట్టుకతో అబ్బిన గుణాలని, వారి విజయ రహస్యం వేరేవారికి అంతుబట్టదని కొందరు చెప్పేవారు. యంత్రయుగంలో అడుగుపెట్టిన ఏ దేశమైనా చివరకు పాశ్చాత్య దేశాల బాటనే నడుస్తుందని, జపాన్‌లో కనిపించే తేడాలు భూస్వామ్య కాలపు అవశేషాలు మాత్రమేనని, కాలక్రమంలో అవే రాలిపోతాయని మరికొందరు వాదించేవారు. ఈ రెంటినీ కాదని మూడో జవాబు చెప్పినవారు బ్రిటిష్ సామాజిక శాస్త్రవేత్త రొనాల్డ్ డోర్ (1925–2018). ఒక సమాజం పారిశ్రామికీకరణకు ఎప్పుడు బయలుదేరింది, అప్పటికి లోకంలో సిద్ధంగా ఉన్న పద్ధతుల్లో వేటిని స్వీకరించింది, తన అవసరాలకు ఎలాంటి సంస్థలను నిర్మించుకుంది అన్నవే దాని తీరును నిర్ణయిస్తాయన్నది ఆయన సిద్ధాంతం. ఆ సిద్ధాంతం జపాన్ ఎదుగుదలను వివరించడంతో ఆగకుండా, అదే మూలం నుంచి పుట్టిన ఒక జాడ్యాన్ని కూడా బయటపెట్టింది.

యుద్ధం నేర్పిన భాష

ఇంగ్లండ్ దక్షిణ తీరంలోని బోర్న్‌మత్‌లో పుట్టిన డోర్‌కు జపనీస్ భాష యుద్ధం వల్ల అబ్బింది. జపాన్‌తో పోరు మొదలయ్యాక ఆ భాష తెలిసినవారు తమ సైన్యంలో వేళ్ల మీద లెక్కపెట్టేంత మందే ఉన్నారని గ్రహించిన బ్రిటిష్ ప్రభుత్వం, పాఠశాలల్లోని చురుకైన విద్యార్థులను ఎంపిక చేసి, లండన్ విశ్వవిద్యాలయానికి చెందిన ప్రాచ్య, ఆఫ్రికా అధ్యయనాల సంస్థలో ఆసియా భాషలు నేర్పించింది. ఆ బృందంలో డోర్ ఒకరు. యుద్ధం ముగిశాక అదే భాషలో పట్టా పుచ్చుకుని, 1950లో తొలిసారి జపాన్‌లో అడుగుపెట్టారు. అప్పటికి ఆ దేశం అమెరికా సైన్యం ఏలుబడిలో ఉంది. గ్రంథాలయాల్లో కూర్చుని రాసే పద్ధతిని పక్కనపెట్టి, 1951లో టోక్యోలోని ఒక పేటను ఎంచుకుని, అక్కడి సుమారు 300 కుటుంబాల జీవితాన్ని ఆయన ఇంటింటికీ తిరిగి నమోదు చేశారు. ఇరుకు గదులు, ఇంటి ఖర్చులు, అత్తాకోడళ్ల సంబంధాలు, ఇరుగుపొరుగు సంఘాలు, దేవతారాధన, పిల్లల చదువు మీద తల్లిదండ్రుల ఆశలు మొదలైన వాటన్నిటినీ విశ్లేషించిన ఆ గ్రంథం ‘సిటీ లైఫ్ ఇన్ జపాన్’ పేరుతో 1958లో వెలువడింది. పేట అసలు పేరు చెప్పకుండా ‘షితయామా-చో’ అనే మారుపేరు వాడారు. ఆ తర్వాత ఆయన వృత్తి జీవితం కెనడా, బ్రిటన్, అమెరికాల విద్యాసంస్థల మధ్య సాగినా, పరిశోధన మాత్రం జపాన్ చుట్టూనే తిరిగింది.

భూమి చేతులు మారిన వేళ

‘సిటీ లైఫ్ ఇన్ జపాన్’ వెలువడిన మరుసటి ఏడాది వచ్చిన ‘ల్యాండ్ రిఫార్మ్ ఇన్ జపాన్’ (1959) డోర్ దృష్టిని పల్లెల వైపు మళ్లించింది. యుద్ధానంతరం అమలైన భూసంస్కరణ కింద, ఊళ్లో నివసించని భూస్వాముల కౌలు భూమి మొత్తాన్ని, ఊళ్లోనే ఉండేవారి విషయంలో హొక్కయిడో మినహా దేశమంతటా సగటున ఒక ‘చో’కు, అంటే సుమారు రెండున్నర ఎకరాలకు మించిన కౌలు భూమిని ప్రభుత్వమే కొని, దున్నేవారికి అమ్మింది. భూస్వాములకు ఇచ్చిన పరిహారం విలువను ద్రవ్యోల్బణం హరించివేయడంతో ఆ కొనుగోలు దాదాపు స్వాధీనంతో సమానమైంది. సంస్కరణకు ముందు సాగుభూమిలో సుమారు 46 శాతం కౌలు కింద ఉండగా, కొద్ది సంవత్సరాల్లోనే అది 10 శాతం దరిదాపులకు పడిపోయింది. ఈ వేగానికి చట్టంతోపాటు దాన్ని అమలుచేసిన యంత్రాంగమూ కారణమే. ప్రతి గ్రామంలోనూ ఐదుగురు కౌలుదారులు, ముగ్గురు భూస్వాములు, ఇద్దరు సొంతంగా సాగుచేసుకునే రైతులు సభ్యులుగా ఎన్నికైన స్థానిక కమిటీలకు భూమి లెక్కలు తేల్చే అధికారం అప్పగించారు.

పంపిణీ పూర్తయిన తర్వాతి గ్రామ జీవితాన్నే డోర్ ప్రధానంగా పరిశీలించారు. ఊరి పెద్దరికం పొలం మీది హక్కుతో ముడిపడి ఉన్నంతకాలం తలవంచిన కౌలుదారు, ఆ ముడి తెగిన తర్వాత ఓటులోనూ, సహకార సంఘంలోనూ, పిల్లల బడి విషయంలోనూ తన మాట తాను చెప్పుకోగలిగాడని ఆయన గమనించారు. టోక్యోకు ఉత్తరాన ఉన్న ఒక పల్లెలో 1950ల మధ్యలో తొలిసారి బసచేసిన ఆయన, మళ్లీ మళ్లీ అక్కడికి వెళ్లి, పేద సేద్యం నుంచి కార్లు, కలర్ టీవీల దాకా అది సాగించిన ప్రయాణాన్ని ‘షినోహత’ (1978) అనే గ్రంథంలో చిత్రించారు. జపాన్ భూసంస్కరణకు రూపకల్పన చేసినవారిలో ఒకరైన వోల్ఫ్ లడెజిన్‌స్కీయే తర్వాత భారత ప్రణాళికా సంఘం కోసం పశ్చిమ గోదావరి సహా ఐదు జిల్లాల్లో కౌలు పరిస్థితులను పరిశీలించారన్నది తెలుగు పాఠకులకు ఆసక్తి కలిగించే విషయం. ఆంధ్రప్రదేశ్ 1973లో తెచ్చిన భూపరిమితి చట్టం మాగాణికి 10 నుంచి 27 ఎకరాలు, మెట్టకు 35 నుంచి 54 ఎకరాల పరిమితి విధించింది. జపాన్ భూస్వామికి మిగిల్చిన రెండున్నర ఎకరాల కౌలు భూమి పక్కన పెట్టి చూస్తే, రెండు సంస్కరణల ఫలితాలు ఎందుకు వేరయ్యాయో కొంతవరకు అర్థమవుతుంది.

సమురాయ్‌ల కాలపు బడులు

జపాన్ ఆధునికతకు పునాది 1868 నాటి మెయిజీ పాలన మార్పుతోనే పడిందన్న సాధారణ అభిప్రాయాన్ని ‘ఎడ్యుకేషన్ ఇన్ టోకుగావా జపాన్’ (1965) సవరించింది. టోకుగావా వంశీయులైన సైన్యాధిపతులు రెండున్నర శతాబ్దాలకు పైగా సాగించిన పాలనలో, యుద్ధాలు లేక కత్తికి పని తగ్గిన సమురాయ్ యోధులు కార్యాలయ ఉద్యోగులుగా మారారు. వారి కోసం చాలా సంస్థానాల్లో చైనా నీతిశాస్త్రాలు బోధించే పాఠశాలలు వెలిశాయి. మరోవైపు ‘తెరకోయ’ అనే చిన్న ప్రైవేటు బడులు సామాన్యుల పిల్లలకు రాత, లెక్కలు, ఉత్తరాలు రాసే పద్ధతులు నేర్పేవి. మెయిజీ మార్పు నాటికి బాలుర్లో 40 శాతానికి పైగా, బాలికల్లో సుమారు 10 శాతం మంది ఏదో ఒక బడి మొహం చూసినవారేనని డోర్ అంచనా వేశారు. అందువల్లనే 1872లో కొత్త ప్రభుత్వం దేశమంతటికీ ఒకే విద్యావిధానాన్ని ప్రకటించినప్పుడు, బడి అంటే ఏమిటో, అక్షరం వల్ల ఒరిగేదేమిటో ప్రజలకు కొత్తగా చెప్పవలసిన అవసరం అంతగా కలగలేదు. పై అధికారుల ఉత్తర్వును చదివి అర్థం చేసుకోగల రైతు, పుస్తకం చూసి కొత్త పనిని నేర్చుకోగల కార్మికుడు కర్మాగారాల కంటే ముందే తయారై ఉండటం జపాన్‌కు కలిసివచ్చింది.

రెండు దేశాల కర్మాగారాలు

డోర్‌కు విశేషమైన పేరు తెచ్చిన గ్రంథం ‘బ్రిటిష్ ఫ్యాక్టరీ – జపనీస్ ఫ్యాక్టరీ’ (1973). బ్రిటన్‌లోని ఇంగ్లిష్ ఎలక్ట్రిక్ కంపెనీకి చెందిన రెండు కర్మాగారాలను, జపాన్‌లోని హిటాచీకి చెందిన రెండు కర్మాగారాలను తీసుకుని, దాదాపు ఒకే రకమైన విద్యుత్ పరికరాలు తయారుచేసే ఆ నాలుగు చోట్లా నియామకం, జీతం, పదోన్నతి, కార్మిక సంఘం, పర్యవేక్షణ ఎలా నడుస్తున్నాయో ఆయన అంశాలవారీగా పోల్చారు.

బ్రిటిష్ కర్మాగారంలో జీతం పనికి ఇచ్చేది. ఫలానా యంత్రం మీద పనిచేసేవారికి ఫలానా రేటు అని బజారులో స్థిరపడిన ధరను బట్టి లెక్కకట్టేవారు. కార్మికుడు ఈ రోజు ఒక కంపెనీలో, రేపు మరో కంపెనీలో ఉండవచ్చు. అతని సంఘం అతని నైపుణ్యాన్ని బట్టి ఏర్పడినది కాబట్టి, ఒకే ఆవరణలో అనేక సంఘాలు యాజమాన్యంతో విడివిడిగా బేరమాడేవి. హిటాచీలో జీతం పనిని బట్టి కాక మనిషిని బట్టి ఉండేది; బడి ముగియగానే చేరినవాడు వయసు, అనుభవం, పై అధికారుల అంచనాలను బట్టి ఏటేటా పెరిగే జీతంతో, ఏడాదికి రెండుసార్లు బోనస్‌తో పదవీ విరమణ దాకా అక్కడే ఉండేవాడు. కార్మికులు, గుమాస్తాలు అందరూ ఒకే సంఘంలో సభ్యులు. ఆ సంఘం ఆ కంపెనీకే పరిమితం. మొదటి విధానాన్ని డోర్ ‘మార్కెట్ కేంద్రిత’మని, రెండోదాన్ని ‘సంస్థ కేంద్రిత’మని వర్గీకరించారు.

జీవితకాల ఉద్యోగం అనాదిగా వస్తున్న జపాన్ సంప్రదాయం కాదని నిరూపించడం ఈ గ్రంథంలోని కీలకాంశం. ఇరవయ్యో శతాబ్దం తొలి సంవత్సరాల్లో నైపుణ్యం గల జపాన్ కార్మికులు కూడా ఎక్కువ కూలి ఇచ్చే చోటికి తరచుగా మారిపోయేవారు. వారిని నిలుపుకోవడానికి పెద్ద కంపెనీలు సొంత శిక్షణను, సర్వీసును బట్టి పెరిగే జీతాలను ప్రవేశపెట్టగా, యుద్ధానంతరం బలపడిన కార్మిక సంఘాలు ఆ సదుపాయాలను గుమాస్తాలతో సమానంగా కార్మికులందరికీ సాధించుకున్నాయి. ఆలస్యంగా బయలుదేరిన దేశానికి మొదటి నుంచే పెద్ద యంత్రాలు, పెద్ద సంస్థలు, దిగుమతి చేసుకున్న సాంకేతికత ఉండటంతో, చేతివృత్తుల సంఘాలు నేర్పిన నైపుణ్యం మీద ఆధారపడే వీలు లేక, తన పనివారిని తానే తయారుచేసుకోక తప్పలేదు. ఈ స్థితినే డోర్ ‘ఆలస్యాభివృద్ధి ప్రభావం’ అన్నారు. కాబట్టి జపాన్ విధానం భూస్వామ్య కాలపు మిగులు కాదని, పెద్ద కార్పొరేషన్ల యుగానికి సరిపోయే కొత్త రూపమని, కొన్ని విషయాల్లో బ్రిటనే జపాన్ వైపు జరిగే అవకాశం ఉందని ఆయన వాదించారు.

ఈ వాదన మీద విమర్శలు తక్కువేమీ కాదు. జీవితకాల భద్రత పెద్ద కంపెనీల్లోని పురుషులకే దక్కిందని, పెళ్లికాగానే ఉద్యోగం మానుకుంటారని భావించిన స్త్రీలు, తాత్కాలిక కూలీలు, విడిభాగాలు సరఫరా చేసే చిన్న కార్ఖానాల పనివారు ఆ గొడుగు బయటే ఉండిపోయారని విమర్శకులు ఎత్తిచూపారు. మనిషి జీవితం మొత్తాన్ని కంపెనీ ఆక్రమించుకోవడంలోని ప్రమాదాన్ని డోర్ సైతం విస్మరించలేదు. అధిక పనిభారంతో సంభవించే మరణాన్ని సూచించే ‘కరోషి’ అనే మాట తర్వాతి కాలంలో ప్రపంచమంతటా వినబడటం, 2014లో దాని నివారణకు జపాన్ పార్లమెంటు ప్రత్యేక చట్టం చేయవలసి రావడం ఆ ప్రమాదానికి సాక్ష్యాలు.

జాడ్యం లక్షణాలు

కంపెనీ మనిషిని జీవితకాలానికి తీసుకునేటప్పుడు, పని తెలియని పద్దెనిమిదేళ్ల యువకుల్లో ఎవరు పనికొస్తారో ముందుగానే తేల్చుకోవాలి. అందుకు చేతికందిన కొలబద్ద విద్యాసంస్థ పేరు. కర్మాగారం మీది పరిశోధన డోర్‌ను తిరిగి బడి దగ్గరకు తీసుకువచ్చింది ఈ దారిలోనే. ససెక్స్‌లోని అభివృద్ధి అధ్యయన సంస్థలో పనిచేస్తూ, 1971లో అంతర్జాతీయ కార్మిక సంస్థ శ్రీలంకకు పంపిన ఉపాధి నిపుణుల బృందంలో ఆయన సభ్యులయ్యారు. చదువుకుని కొలువు దొరకని యువకులు అదే ఏడాది అక్కడ ఆయుధాలు పట్టి తిరుగుబాటు చేశారు. ఇంగ్లండ్, జపాన్, శ్రీలంక, కెన్యా దేశాలను వరుసగా పరిశీలిస్తూ 1976లో ప్రచురించిన ‘ది డిప్లొమా డిసీజ్’, అంటే పట్టాల జాడ్యం, విద్యారంగ చర్చల్లో నేటికీ ప్రస్తావనకు వచ్చే గ్రంథం.

ఇంగ్లండ్‌లో ఇంజినీర్లు, న్యాయవాదులు, వైద్యులు చాలాకాలం అనుభవజ్ఞుల దగ్గర శిష్యరికం చేసి పని నేర్చుకున్నారు. పట్టా అనివార్యం కావడం క్రమంగా, ఆలస్యంగా జరిగింది. జపాన్‌లో మాత్రం ఆధునిక కొలువులు, ఆధునిక విద్యాలయాలు ఒకేసారి పుట్టాయి. 1877లో ఏర్పడిన టోక్యో విశ్వవిద్యాలయం ప్రభుత్వానికి అధికారులను అందించే ప్రధాన ద్వారం కావడంతో, కంపెనీలు కూడా అదే పద్ధతిని అనుసరించాయి. ఇంకా ఆలస్యంగా బయలుదేరిన శ్రీలంక, కెన్యాల్లో కొద్దిపాటి ప్రభుత్వ ఉద్యోగాలకూ గ్రామీణ జీవనానికీ మధ్య ఆదాయపు అంతరం ఎక్కువ కావడం వల్ల, పట్టా లేకపోతే బతుకు లేదన్న భావన మొదటి నుంచే పాతుకుపోయింది. దీని నుంచి డోర్ మూడు సూత్రాలు రాబట్టారు: అభివృద్ధి ఎంత ఆలస్యంగా మొదలైతే కొలువుల ఎంపికకు పట్టాలను అంత విస్తృతంగా వాడతారు; పట్టాల విలువ అంత వేగంగా పడిపోతుంది; బడి అసలైన విద్యను వదిలి పరీక్షల వైపు అంత ఎక్కువగా మొగ్గుతుంది.

రెండో సూత్రాన్ని ఆయన ‘అర్హతల ద్రవ్యోల్బణం’గా వివరించారు. పదో తరగతితో వచ్చే గుమాస్తా ఉద్యోగానికి అభ్యర్థులు ఎక్కువైనప్పుడు, వడపోత సులువు కోసం యజమాని ఇంటర్మీడియట్ అడుగుతాడు; దానికీ జనం ఎక్కువైతే డిగ్రీ అడుగుతాడు. చేయవలసిన పని మాత్రం మారదు. ఉద్యోగాలు సృష్టించడం కంటే కళాశాలలు తెరవడం ప్రభుత్వాలకు సులువు కాబట్టి, పై చదువుల గిరాకీని అవి తీరుస్తూ పోతాయి. చివరకు సమాజం ఖర్చుపెట్టే డబ్బు, యువత వెచ్చించే సంవత్సరాలు పెరుగుతాయే తప్ప కొలువుల సంఖ్య పెరగదు. ఈ పరుగులో చదువు తెలుసుకోవడానికి కాకుండా నెగ్గడానికి సాధనమై, ఆసక్తిని, ఊహాశక్తిని చంపే ఒక తంతుగా మిగులుతుందని ఆయన నిర్ధారించారు.

జపాన్‌లో ఈ పోటీ ‘పరీక్షల నరకం’గా పేరుపడింది. బడి అయ్యాక వెళ్లే ‘జుకు’ అనే ట్యూషన్ కేంద్రాలు, విశ్వవిద్యాలయ ప్రవేశం కోసమే నడిచే ‘యోబికో’ అనే కోచింగ్ సంస్థలు, విద్యార్థి సగటు కంటే ఎంత ఎగువన లేదా దిగువన ఉన్నాడో చెప్పే ‘హెన్సచి’ అనే గణాంకం అక్కడి కౌమార జీవితాన్ని శాసించాయి. తొలి ప్రయత్నంలో సీటు రాక మరో ఏడాది చదివేవారిని, ప్రభువు లేని సమురాయ్ అనే అర్థంలో ‘రోనిన్’ అంటారు; తెలుగునాట లాంగ్‌టర్మ్ కోచింగ్‌లో చేరేవారి స్థితి సరిగ్గా అదే. కంపెనీలు చూసేది విద్యార్థి విశ్వవిద్యాలయంలో నేర్చుకున్న దాన్ని కాదు, ఆ విశ్వవిద్యాలయంలోకి ప్రవేశించగలిగాడన్న సంగతినే కావడంతో, పట్టా తెలివికీ ఓర్పుకూ ముద్రగా మిగిలింది.

పని నేర్చుకునేది ఎక్కడ

పరీక్షల మీద ఇంత పదునైన విమర్శ చేసిన పరిశోధకుడే, సహరచయిత్రి మారి సాకోతో కలిసి రాసిన ‘హౌ ది జపనీస్ లర్న్ టు వర్క్’ (1989)లో జపాన్ విద్య సాధించిన మేలును కూడా విపులంగా చర్చించడం ఆయన సమదృష్టికి నిదర్శనం. తొమ్మిదేళ్ల నిర్బంధ విద్యలో పిల్లలను తెలివిని బట్టి వేరు తరగతులుగా విడదీయకుండా అందరికీ ఒకే పాఠం చెప్పడం వల్ల సగటు విద్యార్థి స్థాయి ఎత్తుగా నిలిచింది. పునాది గట్టిగా ఉన్న ఆ యువకులకు అసలు పనిని పని జరిగే చోటనే, సీనియర్ల పర్యవేక్షణలో కంపెనీలు నేర్పాయి. వృత్తి విద్యా ఉన్నత పాఠశాలలు, ప్రైవేటు శిక్షణ సంస్థలు, ప్రభుత్వం నిర్వహించే నైపుణ్య పరీక్షలు దీనికి తోడయ్యాయి. నేర్పిన పనివాడు వెళ్లిపోడన్న నమ్మకం ఉన్నప్పుడే కంపెనీ శిక్షణ మీద ఖర్చుపెడుతుందన్నది ఈ గ్రంథం తేల్చిన ముఖ్య విషయం.

ఆ నమ్మకం కంపెనీల మధ్య వ్యాపారంలోనూ పనిచేస్తుందని 1983లో వెలువడిన ఒక ప్రసంగ వ్యాసంలో ఆయన వివరించారు. జపాన్‌లో పెద్ద సంస్థలు, వాటికి సరుకు అందించే చిన్న సంస్థలు చౌక ధర కనబడగానే భాగస్వామిని మార్చుకోకుండా, గడ్డుకాలంలో నష్టాన్ని పంచుకుంటూ ఏళ్ల తరబడి కలిసి సాగుతాయని, ఆ సద్భావం వల్ల నాణ్యత పెరిగి, ఆర్థిక శాస్త్రం చెప్పే క్షణకాలపు లాభం కంటే ఎక్కువ మేలు కలుగుతుందని ఆయన వాదన.

వాటాదారుల రాజ్యంలో

1989 డిసెంబరు చివర 38,915 పాయింట్లు తాకిన టోక్యో షేర్ల సూచీ నిక్కీ, మరుసటి ఏడాది నుంచి కూలిపోవడంతో జపాన్ దీర్ఘకాలిక మాంద్యంలో పడింది. పాత ఉద్యోగ విధానమే రోగానికి కారణమని, వాటాదారుల లాభమే కంపెనీకి పరమావధి కావాలని అమెరికా వ్యాపార విద్య చదివి వచ్చిన జపాన్ యువ అధికారులే కోరసాగారు. ఈ ధోరణిని ‘స్టాక్ మార్కెట్ క్యాపిటలిజం: వెల్ఫేర్ క్యాపిటలిజం’ (2000)లో డోర్ తీవ్రంగా ఖండించారు. జపాన్, జర్మనీలలో కంపెనీ అంటే అందులో పనిచేసే మనుషుల సమూహమని, దాన్ని షేర్ల యజమానుల ఆస్తిగా మాత్రమే చూడటం వల్ల అసమానతలు పెరుగుతాయని ఆయన హెచ్చరించారు. తాత్కాలిక సిబ్బంది సరఫరాను 2004లో కర్మాగారాలకూ అనుమతించిన జపాన్‌లో, 1990లో ఉద్యోగుల్లో ఐదింట ఒక వంతుగా ఉన్న అశాశ్వత ఉద్యోగులు మూడింట ఒక వంతు దాటారు. 2014లో జపనీస్ భాషలోనే ప్రచురించిన గ్రంథానికి ఆయన ‘గెన్మెత్సు’, అంటే ‘భ్రమనిరసనం’, అని పేరు పెట్టారు.

పరీక్షల నరకం తీవ్రత కూడా తగ్గింది. అందుకు విధానాల కంటే జననాల తగ్గుదలే ప్రధాన కారణం. 1992లో 20 లక్షలు దాటిన పద్దెనిమిదేళ్ల వయసువారి సంఖ్య ఇప్పుడు దాదాపు సగానికి పడిపోయి, 2023లో సగానికి పైగా ప్రైవేటు విశ్వవిద్యాలయాలు తమ సీట్లు నింపుకోలేకపోయాయి. అగ్రశ్రేణి సంస్థల కోసం పోటీ మాత్రం అలాగే ఉంది.

చికిత్స ఎక్కడ మొదలుపెట్టాలి

డోర్ సూచించిన చికిత్సలో లోపాలు లేకపోలేదు. విద్యార్థులు పద్దెనిమిదేళ్లలోపే కొలువుల్లో చేరాలని, పై చదువులు ఉద్యోగం చేస్తూ అవసరాన్ని బట్టి సాగాలని, ఎంపికకు బట్టీ పరీక్షల బదులు సహజ సామర్థ్యాన్ని కొలిచే పరీక్షలు వాడాలని ఆయన ప్రతిపాదించారు. సాంస్కృతిక విప్లవ కాలంలో ప్రవేశపరీక్షలు రద్దుచేసిన చైనా ప్రయోగం మీద ఆయన కొంత ఆశ పెట్టుకోగా, పుస్తకం వెలువడిన మరుసటి ఏడాదే, 1977లో, చైనా ఆ పరీక్షలను పునరుద్ధరించింది. పట్టాను కొలబద్దగా తీసేస్తే దాని స్థానంలో సిఫారసు, కులం, డబ్బు వచ్చి కూర్చుంటాయన్న భయం భారతదేశం వంటి చోట్ల నిరాధారమైనది కాదు. పేద కుటుంబంలోని బిడ్డకు పరీక్ష ఒక్కటే నిచ్చెన అయిన సందర్భాలు ఎన్నో ఉన్నాయి.

అయినా ఆయన రోగనిర్ధారణ నిలిచింది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1986 నుంచి ఎంసెట్ చుట్టూ పెరిగిన కోచింగ్ వ్యవస్థ, ఇంటర్ చదువును ప్రవేశపరీక్షల సాధనగా మార్చిన రెసిడెన్షియల్ కళాశాలలు, కానిస్టేబుల్, గ్రూప్-4 కొలువులకు బారులు తీరే ఇంజినీరింగ్ పట్టభద్రులు ఆ మూడు సూత్రాలకు చక్కని ఉదాహరణలు. సిలబస్ మార్చడం, ర్యాంకుల ప్రకటనలను నిషేధించడం వంటి చర్యలతో ఈ జాడ్యం నయం కాదని, దాని మూలం బడిలో లేదని, ఉద్యోగమిచ్చేవారు మనుషులను ఎంచుకునే తీరులో ఉందని డోర్ అధ్యయనాలు చెబుతున్నాయి. నియామక సంస్థలు, కంపెనీలు పని తెలిసినవారిని గుర్తించే పద్ధతులను, చేరినవారికి పని నేర్పే బాధ్యతను చేపట్టనంతకాలం పాఠశాలల్లో చేపట్టే ఏ సంస్కరణా ఫలించదు. విద్యావిధానం మీద చర్చించే ప్రతి ప్రభుత్వమూ ముందుగా తన నియామక విధానాన్నే పరిశీలించుకోవాలి.